నన్ను తవుడుకి అమ్మిన ఊరు

నా పేరు తవిటయ్య. అనంతపురంలో ఇరవై ఎనిమిదేళ్ళుగా జంతుశాస్త్రం చెబుతున్నాను. జంతువులు ఒకదాన్నొకటి ఎలా మోసం చేసుకుంటాయన్నది నాకు ఇష్టమైన పాఠం. కాకి గూట్లో కోయిల గుడ్డు పెట్టడం, రెక్క విరిగినట్టు నటించి తల్లిపిట్ట కుక్కని గూటికి దూరంగా లాక్కుపోవడం, ఇలాంటివి చెబుతుంటే వెనక బెంచీవాళ్ళు కూడా ఫోన్లు పక్కన పెడతారు. ఆ పాఠాలని పుస్తకంగా రాద్దామని, కొన్ని ఉదాహరణలు కళ్ళారా చూసొద్దామని శ్రావణంలో గోదావరి జిల్లాలకి వెళ్ళాను. ఇంట్లో అలాగే చెప్పాను. తిరిగొచ్చి పదిరోజులైంది. ఏమేం చూశానో వరసగా చెప్పగలను. ఎవరు ఎవరిని మోసం చేశారో చెప్పమంటే మాత్రం నా బుర్ర పనిచేయడం లేదు.

ఇంట్లో చెప్పింది సగమే నిజం. రెండో సగం ఇది. ఆయాసమొస్తోందని ఆమధ్య డాక్టరు గారి దగ్గరికి వెళితే, గుండె గోడ మందంగా ఉందన్నారు. "బీపీ వల్ల కావచ్చు, వంశంలో వచ్చేదీ కావచ్చు. మీ తోడబుట్టినవాళ్ళు ఎవరైనా చిన్నతనంలో హఠాత్తుగా పోయారా?" అని అడిగారు. మా ఇంట్లో నాకు ముందు ఇద్దరు మగపిల్లలు ఏడాది నిండకుండానే, పాలు తాగుతూ తాగుతూ పోయారు. "అయితే మీ అమ్మాయికి పరీక్ష చేయించాల్సిందే. అది తేలేదాకా పరుగులు వద్దు" అన్నారాయన. మా అమ్మాయి హిమజ ఎస్.ఐ. ఉద్యోగానికి తయారవుతోంది. రోజూ పొద్దున్నే గ్రౌండుకి వెళ్ళి పరిగెత్తి, చెమటతో ఇంటికొచ్చి రెండు చెంబులు మజ్జిగ తాగుతుంది. దానికి ఆ ఉద్యోగం తప్ప ఇంకో ధ్యాస లేదు. నేను రిపోర్టు బీరువాలో చీరల కింద దాచేశాను.

పరీక్ష చేయిస్తే పోయేదిగా అంటారు. పోయేదే. కానీ ఆ పోయిన ఇద్దరూ నాకు అన్నలో కాదో నాకే తెలియదు. అదీ చిక్కు.

మా నాన్న మండపేటలో రైసు మిల్లు గుమాస్తా. ఇద్దరు పిల్లలు పోయాక నేను పుట్టాను. నా మీదైనా మృత్యువు కన్ను పడకూడదని, మూడో రోజున నన్ను విస్తట్లో పెట్టి మిల్లు వెనక ఊక కుప్ప మీద పారేశారు. మిల్లులో పనిచేసే సూరమ్మ వచ్చి "నా పిల్లోడే" అంటూ ఎత్తుకుంది. మావాళ్ళు ఆమెకి చేటెడు తవుడు కొలిచి నన్ను కొనుక్కున్నారు. వీడు ఈ ఇంట్లో పుట్టినవాడు కాదు, తవుడుకి కొన్న అనామకుడు అని మృత్యువుని నమ్మించడమన్నమాట. అందుకే తవిటయ్య. అనంతపురంలో నా పేరు విని నవ్వేవాళ్ళకి ఇదంతా తెలియదు, నేనూ చెప్పను. మావాళ్ళు ఆ నాటకాన్ని అంతటితో ఆపలేదు. నన్ను పెంచినావిడని నేను చివరిదాకా "పిన్నీ" అనే పిలిచాను. అమ్మా అంటే చెంప పగిలేది. సూరమ్మని మాత్రం "అమ్మా" అనాలి.

అంతవరకూ బాగానే ఉంది. అయితే అదే వారంలో సూరమ్మకీ కాన్పయింది, మగపిల్లాడే. ఆ ఇద్దరిలో ఒక్కడే బతికాడు. పోయింది సూరమ్మ బిడ్డ అని పిన్ని చెప్పేది. మా మేనత్త ఒకసారి ఆస్తి గొడవలో "పోయింది మీ పిన్ని బిడ్డేరా, నువ్వు నిజంగానే సూరమ్మ కొడుకువి" అని మొహం మీదే అంది. ఇప్పుడు నాన్న లేడు, పిన్ని లేదు, మేనత్తా లేదు. సూరమ్మ ఒక్కతే ఉంది. నేను ఆమె కొడుకునైతే పోయిన ఆ ఇద్దరూ నాకేమీ కారు. నాది వట్టి బీపీ. హిమజ నిశ్చింతగా పరిగెత్తచ్చు. ఆ ఒక్క మాట సూరమ్మ నోటి వెంట వినాలని బయల్దేరాను.

రాజమండ్రి

రైలు దిగి మండపేట బస్సెక్కితే గంటన్నర ప్రయాణం. నాకు నాలుగు రోజులు పట్టింది. దారి తెలియక కాదు.

గోదావరికి కొత్తనీరొచ్చింది. వంతెన మీంచి చూస్తే ఎర్రమట్టి కలిపినట్టు ఒడ్డుకీ ఒడ్డుకీ ఒకటే నీరు. మా అనంతపురంలో ట్యాంకరు వస్తే వీధంతా బిందెలతో పరిగెడుతుంది. ఇక్కడ నీళ్ళు ఇళ్ళల్లోకి రాకుండా చూడవయ్యా అని దండం పెడుతున్నారు. ఆటో ఎక్కీ ఎక్కగానే డ్రైవరు "ఏ ఊరండి, పిల్లలెంతమందండి?" అన్నాడు. మావైపు ఊరూ పేరూ అడిగి ఊరుకుంటారు. ఇక్కడ టీ పోసే ఆయన, లాడ్జిలో తాళంచెవి ఇచ్చే ఆయన, అందరికీ నా సంతానం కావాలి. "ఒక్కతే అమ్మాయండి" అని గర్వంగా చెప్పుకుంటూ తిరిగాను.

వరదనీరు అంటే పులస. సముద్రంలో ఉండే ఇలస చేప గోదావరికి ఎదురీది తీపినీళ్ళలోకి వస్తే పులస అవుతుంది, ధర ఆకాశానికి పోతుంది. గట్టు దగ్గర తట్ట పెట్టుకున్న ఒకావిడ, అచ్చియమ్మట, నాలుగు వేలని మొదలుపెట్టి పన్నెండు వందలకి దిగింది.

"గోదారి పులసేనా అమ్మా?"

"ఆయ్, నిన్న సాయంత్రం వలలో పడిందండి. గోదారి తల్లి మీద ఒట్టండి."

సంచిలో వేసుకున్నాక గుర్తొచ్చింది, లాడ్జి గదిలో వంటెక్కడ చేసుకుంటాను? పక్కనున్న మెస్సావిడ దగ్గరికి తీసుకెళితే మొప్ప ఎత్తి చూసి నోటికి కొంగు అడ్డం పెట్టుకుని నవ్వింది. "ఇది సముద్రంలో పట్టిన ఇలసండీ. లారీలో ఐసు మీదొచ్చింది. బెండకాయలేసి పులుసు పెడతాను లెండి, తినేస్తారు." పులుసు అమోఘంగా ఉంది. ముళ్ళు తీసుకోలేక గొంతులో ఒకటి ఇరుక్కుంటే అన్నం ముద్దలు మింగించారు. ఆ సాయంత్రం ఊరుకోలేక మళ్ళీ అచ్చియమ్మ దగ్గరికెళ్ళి, ఒట్టు కూడా పెట్టావు కదమ్మా అని నిలదీశాను.

ఆవిడ చేప పొలుసు గీకుతూ తలెత్తలేదు. "పన్నెండు వందలకి పులస రాదని మీకు తెలీదేంటండి? చదువుకున్నోరు. తెలిసే కొన్నారు. నేను ఔనంటే మీ మనసుకి బాగుంటాదని అడిగారు, ఔనన్నాను. మోసం ఎవరు చేశారండి ఇప్పుడు?"

నోట్‌బుక్కులో "మనుషుల మోసం, ఉదాహరణ ఒకటి" అని రాసుకుని, మోసపోయినవాడి పేరు దగ్గర ఆగిపోయాను.

పట్టిసీమ

మర్నాడైనా మండపేట వెళ్ళాలా? అబ్బే. కొవ్వూరు మీంచి పట్టిసీమ బస్సెక్కాను. వీరభద్రుడి గుడి నది మధ్య గుట్ట మీద ఉంటుంది. వరద వల్ల పడవలు ఆపేశారు. ఒడ్డున నిలబడి దండం పెట్టుకుని, ఇక్కడ చచ్చిన దూడని చూపించి గేదె పాలు పిండే ఇల్లొకటుందని టీ కొట్టాయన చెబితే అటు నడిచాను.

ఆ ఇల్లు నాగమణి గారిది. దూడ పుట్టిన పదిరోజులకే పోయిందట. దాని తోలు ఒలిపించి, లోపల ఎండుగడ్డి కూరి, కుట్టించారు. నాలుగు కాళ్ళ చోట నాలుగు కర్రలు. కళ్ళు లేవు. నాగమణి గారు దాని వీపు మీద ఉప్పునీళ్ళు చల్లి గేదె ముందు పెట్టారు. గేదె వాసన చూసింది, నాకింది, రెండు నిమిషాల్లో పాలు చేపింది. చెంబు సగం నిండింది.

నాకు ఆనందం ఆగలేదు. పాఠంలో చెప్పిందే కళ్ళ ముందు జరిగింది. "చూశారా అమ్మా, వాసనకి మోసపోయింది! దాని మెదడుకి వాసన ఉంటే చాలు, బిడ్డ ఉన్నట్టే" అని అక్కడే క్లాసు మొదలుపెట్టాను.

నాగమణి గారు చివరిదాకా మర్యాదగా విన్నారు. "మోసమేంటండి? దానికి తెలుసండి."

"ఎలా తెలుస్తుందమ్మా? తెలిస్తే పాలెందుకిస్తుంది?"

"తెలియకపోతే నేను దీన్ని చూరుకి తగిలించాక, దూడని పాతిపెట్టిన వైపు తిరిగి ఎందుకు అరుస్తాదండి? బిడ్డ ఇక్కడే ఉందనుకుంటే అరవక్కర్లేదు కదండి."

గేదె రెండూ చేస్తోంది, నమ్మినట్టు పాలిస్తోంది, నమ్మనట్టు అరుస్తోంది. దేన్ని లెక్కలోకి తీసుకోవాలి? పోనీ అది మనిషినే మోసం చేస్తోందా, పొదుగు బరువు దించుకోడానికి? ఆవిడిచ్చిన పాలగ్లాసు పట్టుకుని చూరుకి వేలాడుతున్న ఆ కళ్ళు లేని దూడని చూస్తూ కూచున్నాను. చేటెడు తవుడు పోసి నన్ను ఎత్తుకున్న పిన్ని గుర్తొచ్చింది. ఆవిడ కూడా నన్ను వాసన చూసి, తెలిసే పాలిచ్చిందా? పాలు బాగాలేవనుకుంటారని ఎలాగో తాగేశాను.

కోరంగి

మూడో రోజు ఇంకా దూరం పోయాను, మండపేట దాటేసి మరీ. కాకినాడ దగ్గర కోరంగి మడ అడవుల్లో పీతల్ని చూడాలని నాకు నేను చెప్పుకున్న సాకు. చెక్కవంతెన మీద నిలబడితే కింద బురదలో వందల పీతలు. మగవాటికి ఒక డెక్క చిన్నది, ఒకటి ఒళ్ళంత పెద్దది. పెద్దది ఊపుతూ పక్కవాణ్ణి బెదిరిస్తాయి. పోట్లాటలో ఆ డెక్క ఊడితే మళ్ళీ మొలుస్తుంది. ఈసారి మొలిచేది డొల్ల. బలం ఉండదు కానీ చూడ్డానికి అంతే ఉంటుంది. ఎదుటివాడు ఒకసారి పట్టి చూస్తే బండారం బయటపడుతుంది. కానీ పట్టి చూడాలంటే దెబ్బ తినే ధైర్యం కావాలి, అందుకని చాలామట్టుకు చూడకుండానే వెనక్కి పోతాయి.

అక్కడే హిమజ ఫోను చేసింది. "నాన్నా! ఈ రోజు పదహారు వందల మీటర్లలో పన్నెండు సెకన్లు తగ్గించా! చివర్లో గుండె పగిలిపోతుందేమో అనిపించింది, అయినా ఆగలేదు."

"శభాష్ తల్లీ" అన్నాను.

వాన మొదలైంది, గొడుగు బస్సులో మర్చిపోయాను, తడుస్తూ ఆ చెక్కల మీదే కూలబడ్డాను. సిగ్గేసింది. ఇరవై ఎనిమిదేళ్ళు పీత గురించి చెప్పినవాణ్ణి, పట్టి చూడ్డానికి భయపడి ఊరూరా తిరుగుతున్నాను. ఇక సాకులు చాలనుకున్నాను.

మండపేట

నాలుగో రోజు పొద్దున్నే దిగాను. ధాన్యం లారీలు రోడ్డుకి అడ్డంగా ఉన్నాయి, గాలిలో ఉప్పుడు బియ్యం ఉడికే వాసన. ఆ వాసన తగలగానే నాకు పదేళ్ళ వయసొచ్చేసింది. మా మిల్లు ఉన్నచోట ఇప్పుడు కల్యాణమండపం. సూరమ్మ వెనక సందులో రేకుల ఇంట్లో మనవరాలు రత్నంతో ఉంటోంది. రత్నం కుట్టుమిషను మీద జాకెట్లు కుడుతుంది. ఏడాదికోసారి చీర పంపడమే కానీ నేను వచ్చి పదకొండేళ్ళయింది.

సూరమ్మకి ఎనభై దాటాయి. చూపు మందగించింది, నోరు మందగించలేదు.

"ఎవడ్రా?"

"నేనమ్మా, తవిటయ్యని."

"ఛీ, ఎంత అసహ్యంగా తయారయ్యావురా! మొహం చూడు, కాలిన పెనంలాగ. రత్నం, ఈడికి అన్నం పెట్టు." ఆమె నన్ను ఎప్పుడూ అలాగే పలకరిస్తుంది. బాగున్నావంటే మృత్యువు వింటుందని భయం. పనసపొట్టు కూర, ఆవకాయ, గడ్డపెరుగు పెట్టారు. తింటున్నంతసేపూ నా వీపు తడుముతూనే ఉంది.

చెయ్యి కడుక్కుని అడిగేశాను. గుండె సంగతి, డాక్టరు అడిగిన సంగతి చెప్పాను. "అమ్మా, నాటకం వద్దు. నిజం చెప్పు. ఆ వారం పోయింది ఎవరి బిడ్డ? నేను ఎవరికి పుట్టాను?"

"ఇంకెవరికి పుడతావురా, నాకే పుట్టావు" అంది, వీధిలోకి వినపడేంత గట్టిగా. "నా కడుపున పుట్టావు, నేనే చేటెడు తవుడుకి అమ్మేశాను. పోయింది ఆవిడ బిడ్డ. గుండె జబ్బంటున్నావా? నా కొడుక్కి జబ్బులేంటి, ఏమీ రావు పో!"

ఒక్కసారి ఒళ్ళు తేలికైపోయింది. ఆమె రెండు చేతులూ పట్టుకుని ఏడ్చాను. పిన్ని నాకు తల్లి కాదని తేలినందుకు ఏడవాలి కదా, నేను సంతోషంతో ఏడ్చాను. ఆ సంతోషంలోనే అనేశాను: "బతికించావమ్మా. అయితే మా హిమజకి ఏ భయమూ లేదు. హాయిగా పరిగెత్తచ్చు."

"పరిగెత్తడమేంటి?"

చెప్పాను. పోలీసు ఉద్యోగానికి పరుగు పందెం ఉంటుందని, రోజూ పరిగెడుతోందని, వంశంలో జబ్బుంటే ఆ పరుగులో గుండె ఆగిపోవచ్చని డాక్టరు అన్నారని, నేను ఈ ఇంటి బిడ్డనైతే పోయిన ఆ పిల్లలు నాకు అన్నలు కారు కాబట్టి పరీక్ష కూడా అక్కర్లేదని.

రత్నం మిషను తొక్కడం ఆపి ఇటు చూసింది. సూరమ్మ నా చేతుల్లోంచి తన చేతులు తీసుకుని ఒళ్ళో పెట్టుకుంది.

"పిల్లని పరుగు మానెయ్యమను" అంది. గొంతు పూర్తిగా తగ్గిపోయింది.

"అదేంటమ్మా?"

"ఆ పరీక్షేదో చేయించు. ఇవాళే ఫోను చెయ్యి. రేప్పొద్దున గ్రౌండుకి ఎళ్ళొద్దని చెప్పు."

"నేను నీ కొడుకునేగా? మరి ఎందుకు పరీక్ష?"

"నా కొడుకువే!" మళ్ళీ గట్టిగా అరిచింది. వెంటనే నా చెవి దగ్గరికి వంగి, "పరుగు మాన్పించరా నాయనా" అంది. ఆమె నన్ను నాయనా అనడం అదే మొదలు.

నాకు అర్థమవడానికి టైము పట్టింది. నేను ఆమెకి పుట్టినవాణ్ణయితే నా కూతురు పరుగు మానాల్సిన పనే లేదు. ఆ ఒక్క మాటతో సూరమ్మ నన్ను పిన్నికి ఇచ్చేసింది. ఆ వారం చచ్చిపోయింది తన కొడుకేనని ఒప్పుకుంది. తన బిడ్డ పోయిన వారంలోనే, పాలు పొంగుతున్న రొమ్ములతో వచ్చి, కుప్ప మీద ఉన్న నన్ను "నా పిల్లోడే" అని ఎత్తుకుంది. అప్పుడు మోసం చేసింది మృత్యువునా, తననా? గేదెలాగా రెండూ తెలిసే చేసిందా? ఇన్నేళ్ళూ నేను పంపిన చీరలు కొడుకు పంపిన చీరలని వీధంతా చూపించుకున్న మనిషి. అడగలేకపోయాను. ఇప్పటికీ నాకు తెలియదు.

బయటికొచ్చి కల్యాణమండపం గోడ పక్కన నిలబడి హిమజకి ఫోను చేశాను. రిపోర్టు సంగతి, నేను దాచిన సంగతి చెప్పాను. "నిన్న శభాష్ అన్నావు కదా నాన్నా" అంది, అంతే. ఇంకేమన్నా తిట్టినా బాగుండేది. తర్వాత తనే, పరుగు మానేస్తానని, పరీక్షకి నాతోనే వస్తానని అంది.

లోపలికెళ్ళేసరికి సూరమ్మ రత్నం చేత గుప్పెడు తవుడు పొట్లం కట్టించింది. "పిల్ల పడుకునేచోట తలాపున పెట్టు. దాన్ని నేను కొనేశాను. అది నాది, నీది కాదు. ఎవరడిగినా నీకు పిల్లల్లేరని చెప్పు. గట్టిగా చెప్పు, వినపడాలి."

"ఇవన్నీ నేను నమ్మనమ్మా. నేను పాఠాలు చెప్పేవాణ్ణి."

"నిన్ను నమ్మమన్నానా? చెప్పమన్నాను."

తిరుగు ప్రయాణం

బస్సులో పక్క సీట్లో ఒక పెద్దావిడ కూచున్నారు. తాపేశ్వరం కాజాల డబ్బా మూత తీసి, వద్దంటున్నా నా చేతిలో ఒకటి పెట్టారు. పాకం తొడ మీద కారింది. ఒళ్ళో తవుడు పొట్లం ఉంది, అది తడవకుండా పైకెత్తి పట్టుకున్నాను. పంటకాలవ పక్కన ఊడుపులు జరుగుతున్నాయి. ఒక పిట్ట గట్టు మీద కుంటుతూ పోతోంది. కాలు నిజంగా విరిగిందో, పిల్లలు ఆ పక్కన ఉన్నాయో, బస్సులోంచి తేల్చుకోలేకపోయాను.

ఆవిడ డబ్బా మూత పెడుతూ అడిగారు. "ఏ ఊరండి మీది?"

"అనంతపురమండి."

"పిల్లలెంతమందండి?"

పొట్లం గట్టిగా పట్టుకున్నాను.

"నాకు పిల్లల్లేరండి" అన్నాను, బస్సులో అందరికీ వినపడేలా.